70 రూపాయల కవ్వంతో మిల్క్‌షేక్: రెండు నెలలు వాడాక

ముందే చెప్పేస్తున్నా, మీ ఇంట్లో మిక్సీ ఉంటే ఈ రివ్యూ మీకు పెద్దగా పనికిరాదు. నేనుండేది అమీర్‌పేటలో ఒక బాయ్స్ హాస్టల్లో. ఇక్కడ గదిలో కెటిల్ గానీ, ఇండక్షన్ స్టవ్ గానీ, మిక్సీ గానీ కనపడిందంటే ఓనర్ అంకుల్ పట్టుకుపోయి ఆఫీసు రూములో పెట్టేసుకుంటాడు, మళ్ళీ గది ఖాళీ చేసే రోజునే ఇస్తాడు. మాకున్నదల్లా మూడో అంతస్తులో అందరికీ కలిపి ఒక ఫ్రిజ్, కింద వంటగది, ఆ వంటగదిలో పాలు కాచిపెట్టమంటే కాదనని ఒక అక్క. ఏప్రిల్ వచ్చేసరికి రోజూ సాయంత్రం జ్యూస్ సెంటర్లో 90 రూపాయలు పెట్టి మిల్క్‌షేక్ తాగడం అలవాటైపోయింది, అందులోనూ సగం గ్లాసు ఐసే. నెలకి లెక్కేస్తే 2,700. ఆ అంకె చూశాక ఇంక మనమే చేసుకుందాం అనిపించింది.

నేను మొదట కొన్నది కవ్వం కాదు, ఆన్‌లైన్లో 349 రూపాయల బ్యాటరీ ఫ్రాథర్. రెండు పెన్సిల్ సెల్స్ వేసి బటన్ నొక్కితే చివరున్న స్ప్రింగు చక్రం గిర్రున తిరుగుతుంది. కాఫీ నురగకి బాగుంది, దానికి వంక పెట్టను. కానీ నలిపిన అరటిపండులో ముంచితే మాత్రం బురదలో దిగబడ్డ స్కూటీ చక్రంలా మూలిగి ఆగిపోయేది. పన్నెండో రోజు కడుగుతుంటే సెల్స్ అరలోకి నీళ్ళు పోయాయి, రెండు రోజులకి తుప్పు పట్టింది. రిటర్న్ గడువేమో 7 రోజులు. సరే, పోయింది.

తర్వాత రూమ్మేట్ జిమ్ షేకర్ అడిగి తీసుకున్నా. అది పొడులు కలుపుకోడానికి పుట్టిన వస్తువు. లోపలుండే తీగ బంతిలో అరటి ముక్కలు ఇరుక్కుంటే పాత టూత్‌బ్రష్ పెట్టి పీకాలి, ఎంత తోమినా ఆ ప్రోటీన్ పౌడర్ వాసన పోదు, పైగా వాడి మొహం చూడాలి.

అప్పుడు హార్లిక్స్ సీసా. మాది రాజమండ్రి, ధవళేశ్వరంలో హార్లిక్స్ ఫ్యాక్టరీ ఉన్నవాళ్ళం కాబట్టి అని కాదుగానీ, మా ఇంట్లో ఆ గాజు సీసాలో లేని వస్తువు లేదు, చింతపండు, కారప్పొడి, ఇంగువ, సూది దారం. నేను ఒకటి ఇక్కడికి తెచ్చుకున్నా. నిజానికి ఆ సీసాకీ మిల్క్‌షేక్‌కీ పాత చుట్టరికమే ఉంది. హార్లిక్ అన్నదమ్ములు ఇంగ్లండు నుంచి అమెరికా పోయి 1873లో మొదలుపెట్టిన వ్యాపారం అది, వాళ్ళు చేసిన మాల్ట్ పాలపొడి లాంటిదే పాలలో, ఐస్‌క్రీములో గిలకొట్టి అక్కడి మందుల షాపుల్లో అమ్మేవాళ్ళు, మాల్టెడ్ షేక్ అలా వచ్చింది. మనం ఆ సీసాలో ఆవకాయ పెట్టుకున్నాం, అది వేరే సంగతి. సీసాలో పోసి ఊపితే షేక్ బానే వస్తుంది, కానీ మూడింట రెండు వంతులకి మించి నింపకూడదు. లోపల గాలి ఉంటేనే నురగ. నేను మొదటిసారి అంచుదాకా పోసి, మూత సరిగా బిగించకుండా ఊపాను. గోడ మీద మరక ఇప్పటికీ ఉంది, దానికి అడ్డంగా క్యాలెండర్ కూడా ఉంది. అయినా సీసాతో అసలు ఇబ్బంది అది కాదు. ఎంత ఊపినా పండు నలగదు. పాలు నురగ కడతాయి, అడుగున అరటి ముక్కలు అలాగే ఉంటాయి.

ఇదంతా ఫోనులో చెబితే అమ్మ, "కవ్వం కొనుక్కోరా, పెరుగుని చిలికేది పాలని చిలకదా?" అంది. నేను నవ్వాను. ఆ ఆదివారం సికింద్రాబాద్ మోండా మార్కెట్ వైపు పనుండి వెళ్తే, రోడ్డు పక్కన చెక్క సామాను పరుచుకుని ఒక పెద్దావిడ కూర్చుంది. కవ్వం 70, పప్పుగుత్తి 50. "రెండూ తీస్కో బాబూ, నూటపది ఇయ్యి" అంది. తీసుకున్నా, ఇంకో పది తగ్గించమనడానికి మనసొప్పలేదు.

ఇక వస్తువు సంగతి. కవ్వం పొడవు జానెడున్నర ఉంటుంది, తల దగ్గర పువ్వు రెక్కల్లా గాళ్ళు కోసి ఉన్నాయి. నున్నగానే చెక్కారు, ఒకచోట మాత్రం పేడు లేచి ఉంటే గరుకు కాగితంతో రుద్దాను. కొత్తదానికి చెక్క వాసన ఉంటుంది, ఒక పూట బియ్యం కడిగిన నీళ్ళలో పెట్టి, ఎండలో ఆరేస్తే చాలావరకు పోయింది. పప్పుగుత్తి కూడా ఎందుకు కావాలంటే, కవ్వం నురగ తెస్తుంది, పండు మెదపదు. మెదపడం గుత్తి పని. ఈ సంగతి నాకు నాలుగు రోజులు కష్టపడ్డాక తెలిసింది, అమ్మకి ముందే తెలుసట, "అడగలేదుగా" అంది.

గిన్నె ముఖ్యం. వెడల్పు గిన్నెలో చిలికితే షేక్ చొక్కా మీదే. లోతుగా, సన్నగా ఉండే స్టీలు జగ్గు గానీ చెంబు గానీ కావాలి, సగానికే పొయ్యాలి. కవ్వం కాడని రెండు అరచేతుల మధ్య పెట్టి ముందుకీ వెనక్కీ తిప్పాలి, అడుగున ఒకసారి, నడిమి మట్టంలో ఒకసారి, చివర్లో తల సగం పైకి తేల్చి గాలి కలిసేలా. అలా పైన తిప్పినప్పుడే చప్పుడు మారుతుంది, గలగల పోయి బుసబుస వస్తుంది, నురగ లేస్తోందని గుర్తు. ఒక గ్లాసున్నరకి నాకు మూడు నిమిషాలు పడుతోంది. మొదటి వారం అరచేతులు మండాయి, అబద్ధం చెప్పను.

పాలు బాగా చల్లగా ఉండాలి. గోరువెచ్చగా ఉన్నప్పుడు చిలికితే నురగ వచ్చినట్టే వచ్చి గ్లాసులో పోసేలోపు కూర్చుంటుంది. అక్క పొద్దున కాచినప్పుడే, పాలు వేడిగా ఉండగానే చక్కెర కలిపేయమంటాను, చల్లటి పాలలో చక్కెర కరగక అడుగున పళ్ళ కింద కరకరమంటుంది. మీగడ తప్పకుండా వడకట్టండి. నేను ఒకసారి బద్ధకించి మీగడతో సహా చిలికితే పైన వెన్న పూసలు తేలాయి. కవ్వానికి అది పుట్టుకతో వచ్చిన విద్య, దాని తప్పేం లేదు. ప్యాకెట్లలో 3 శాతం వెన్న ఉండే టోన్డ్ పాలతో నురగ బాగా వస్తుంది, 6 శాతం ఫుల్ క్రీముతో షేక్ చిక్కగా, నోటికి నిండుగా ఉంటుంది. నేను ఎక్కువగా టోన్డే వాడతా, నెలాఖరైతే ఇంక చెప్పక్కర్లేదు.

ఐసు వెయ్యకండి. జ్యూస్ సెంటర్ వాడితో నా గొడవే అది. ఫ్రిజ్‌లో ఐసు ట్రేలో నీళ్ళ బదులు పాలు పోసి గడ్డ కట్టించండి. ఆ పాల ముక్కలు నాలుగు మందపాటి ప్లాస్టిక్ కవర్లో వేసి, అక్కనడిగి అప్పడాల కర్రతో నాలుగు దెబ్బలు వేస్తే ఇసకలా అవుతాయి. చిలకడం పూర్తయ్యాక అది కలిపితే షేక్ పల్చనవదు, చివరి గుక్క కూడా చల్లగా ఉంటుంది. ముక్కలుగానే వేసి కవ్వం తిప్పకండి, రెక్క విరుగుతుంది. ఒక ఫ్రిజ్‌ని ముప్పై మంది వాడే చోట పాల ట్రే భద్రంగా ఉండదనుకోండి, నేను దానిమీద "జ్వరం మందు" అని రాసి పెట్టాను.

పండ్లలో ఏది వస్తుంది, ఏది రాదు అన్నది చూసుకోవాలి. అరటిపండు తొక్కమీద నల్ల చుక్కలు పడ్డాకే తియ్యండి, బండివాడు అవి తక్కువకే ఇస్తాడు. గట్టిగా ఉన్నది గుత్తితో ఎంత మెదిపినా పలుకులు మిగిలిపోతాయి. ఊరెళ్ళినప్పుడు చక్కెరకేళి తెచ్చుకుంటే దానికి గుత్తి కూడా అక్కర్లేదు, చెంచా వెనకతో నొక్కితే వెన్నలా అయిపోతుంది. రెండు పండ్లకి పావు లీటరు పాలు, చిటికెడు ఉప్పు, ఉంటే యాలకుల పొడి. సపోటా కూడా బాగా వస్తుంది, కాకపోతే గింజలు లెక్కపెట్టి తియ్యాలి. కొంచెం రవ్వరవ్వగా తగులుతుంది, నాకది ఇష్టమే. ఖర్జూరాలు రాత్రే పాలలో నానేస్తే పొద్దున మెదుగుతాయి. యాపిల్ గురించి అడక్కండి, దానికి మిక్సీ కావాల్సిందే. అనాస మాత్రం వద్దు. ఉడికించని అనాసలో బ్రోమిలైన్ అనే ఎంజైమ్ ఉంటుంది, అది పాలలో ప్రోటీన్లని విరగ్గొడుతుంది. నాకు తెలియక చేసి, ఫోను రావడంతో పక్కన పెట్టి, పావుగంట తర్వాత తాగితే చేదు. బొప్పాయితోనూ అదే తంతు.

అన్నిటికంటే ఈ కవ్వం పనితనం మామిడి రసాలతో తెలిసింది. మే నెలలో ఇంటి నుంచి చిన్న రసాలు పంపారు. రసం పండుకి అసలు కత్తెందుకు? అరచేతుల మధ్య మెత్తగా నలిపి, తొడిమ దగ్గర తొలి సొన పిండి పారేసి, మిగతాది నేరుగా జగ్గులోకి పిండెయ్యడమే. పీచు ఉంటుంది కదా అని భయపడ్డా. కవ్వం తిప్పుతుంటే ఆ పీచంతా రెక్కలకి చుట్టుకుని పైకొచ్చేసింది, జడపిన్నుకి వెంట్రుకలు చుట్టుకున్నట్టు. వడకట్టే పని లేదు. బ్యాటరీ ఫ్రాథర్ అయితే అక్కడికే చచ్చిపోయేది. బంగినపల్లికి పీచు తక్కువ కానీ చెంచాతో గీకి, గుత్తితో మెదపాలి. అది కూడా బాగుంటుంది, కానీ రసం తర్వాతే. పండు పుల్లగా ఉంటే మాత్రం పాలలో కలపకండి, విరుగుతాయి, ముందు కొంచెం నాలుక మీద వేసుకుని చూసుకోండి.

లోపాలు చెప్పాలిగా. మొదటిది, కడగడం. తాగిన వెంటనే కుళాయి కింద పెట్టి గాళ్ళలో వేలు పోనిచ్చి కడగాలి, ఒక గంట ఆలస్యమైతే మామిడి ఎండి అంటుకుపోతుంది, మర్నాడు అరటి షేక్ తాగుతుంటే మామిడి వాసనొస్తుంది. రెండోది, నీళ్ళలో నానబెట్టి వదిలెయ్యకూడదు. నేను ఒక రాత్రి బకెట్లో మర్చిపోతే తలా కాడా కలిసే చోట సన్న పగులొచ్చింది, ఇంకా విరగలేదు కానీ తిప్పేటప్పుడు కిర్రుమంటోంది. మూడోది, నలుగురికి చెయ్యాలంటే చేతులు పడిపోతాయి. ఇద్దరి వరకే. జ్యూస్ సెంటర్ వాడిచ్చేంత చిక్కదనం కావాలంటే చిన్న కప్పు వెనిలా ఐస్‌క్రీము కొంచెం కరగనిచ్చి కలపాలి, అప్పుడు ఖర్చు పెరుగుతుంది. అది లేకుండా అయితే నాకు గ్లాసు 30 రూపాయల లోపే పడుతోంది. బూస్టు లాంటి పొడి వేసుకునేవాళ్ళు ముందు రెండు చెంచాల వేడి పాలలో ముద్దలా కలుపుకోండి, చల్లటి పాలలో నేరుగా వేస్తే కవ్వం కూడా ఉండలు విడగొట్టలేదు.

నాలుగో లోపం కవ్వానిది కాదు. పోయిన వారం వంటగదిలో ఆరబెట్టి వస్తే, సాయంత్రానికి అక్క దాంతో ముప్పై మందికి మజ్జిగ చేసేసింది. "భలే తిరుగుతోంది తమ్ముడూ, మన వంటింట్లో కవ్వం విరిగి ఏడాదైంది" అంది. రోజూ పాలు కాచిచ్చే మనిషి, ఏమంటాం? గాళ్ళలో పెరుగు పులుపు ఉండిపోయి, మర్నాడు నా సపోటా షేక్ మజ్జిగ వాసన కొట్టింది. ఈ ఆదివారం మళ్ళీ మోండా మార్కెట్ వెళ్తున్నా. ఈసారి కవ్వం తలా కాడా ఒకే చెక్కతో చేసింది ఉందేమో అడగాలి.