ప్రోబెన్: దావావో బండ్ల దగ్గర ఏది తినాలి, ఏది వదిలేయాలి

కోడి లోపలి సరుకులో మనకు తెలిసినవి కార్జం, కందనకాయ. ఆ కందనకాయకు కాస్త పైన, మేత గొట్టం చివర బొటనవేలి కొసంత ఉబ్బెత్తు సంచి ఒకటుంటుంది. మేత మీద ఆమ్లం, జీర్ణరసాలు వదిలేది అదే. శాస్త్రం పుస్తకాల్లో దాని పేరు ప్రొవెంట్రిక్యులస్. మన చికెన్ కొట్లలో సాధారణంగా పేగులతో పాటు చెత్తలోకి పోతుంది. ఫిలిప్పీన్స్‌లో దావావో, కగయాన్ దె ఓరో, సెబూ వైపు దాన్నే పిండిలో దొర్లించి నూనెలో వేయించి అమ్ముతారు. ఆ పొడుగాటి పేరునే కత్తిరించి ప్రోబెన్ అన్నారు.

కందనకాయ వేపుడు తిన్న నోటికి ఇది కొత్తగా తగులుతుంది. కందనకాయ మేతను నలిపే కండ, అందుకే గట్టి. ఇది రసాలూరే గోడ, కాబట్టి మెత్తన. బాగా కుదిరిన ముక్క పైపొర కరకరలాడి విరుగుతుంది, లోపల ఒక్క కొరుకుకే తెగుతుంది. నమిలేకొద్దీ సాగుతోందంటే ఉడకబెట్టడంలో బద్ధకించారన్నమాట. వేయించడం పైపొర కోసమే. మెత్తదనమంతా ముందు ఉడికించడంలోనే రావాలి.

అసలు కష్టం శుభ్రం చేయడంలో ఉంది. నిలువుగా చీల్చి, లోపలి మేత తుక్కు కడిగి, బయట అంటుకున్న పసుపు కొవ్వు లాగేసి, రాళ్ల ఉప్పు, వెనిగర్ వేసి రుద్దాలి. పిత్తం అంటిన ముక్క ఆకుపచ్చగా కనిపిస్తుంది, అది పారేయాల్సిందే. ఆ చేదు ఏ సాస్‌కీ లొంగదు. ఇంట్లో చేసేవాళ్లు అరకిలోకు రెండు చెంచాల సోయాసాస్, మూడు చెంచాల వెనిగర్, ఆరు వెల్లుల్లి రెబ్బలు, ఒక బిర్యానీ ఆకు, మిరియాలు వేసి, మునిగేంత నీళ్లలో దాదాపు 25 నిమిషాలు ఉడికించాలి. తర్వాత పూర్తిగా ఆరనివ్వాలి. తడి మిగిలితే నూనె చిటపటలాడి మీదకు ఎగురుతుంది, పిండి ముద్దకట్టి ఊడిపోతుంది. ముప్పావు కప్పు కార్న్‌ఫ్లోర్‌కు పావు కప్పు మైదా చాలు. ఉత్త మైదాతో చేస్తే చల్లారగానే పొర తోలులా అవుతుంది. 175 డిగ్రీల నూనెలో మూడు నాలుగు నిమిషాలు వేగితే సరిపోతుంది.

దావావోలో మెడిసిన్ చదివే మన పిల్లలు చాలామందే. వాళ్లకు రోహాస్ అవెన్యూ రాత్రి బజారు కొత్త కాదు. అక్కడైనా మరెక్కడైనా ముందు మూకుడులోకి చూడండి. నూనె నల్లబడి మాడిన పిండి తేలుతుంటే ముక్కలకు ఆ మాడు వాసన తప్పదు. వేయించి కుప్పపోసినవి కాకుండా మళ్లీ నూనెలో వేసి ఇమ్మనండి, ఎవరూ కాదనరు. పంది మాంసం తిననివాళ్లు ఇంకొకటి అడగాలి: కొన్నిచోట్ల అదే నూనెలో గినాబోట్ అనే పంది పేగుల వేపుడు కూడా వేస్తారు.

ఇక నంజుకునేవి. తియ్యటి చిక్కని సాస్ పోస్తానంటే వద్దనండి, అది కరకరను చంపేస్తుంది. కొవ్వుకు విరుగుడు వెనిగరే. అక్కడ కొబ్బరి కల్లు పులియబెట్టి చేస్తారు. పులిసిన కల్లు ఘాటు మనవాళ్లకు వేరే చెప్పాలా? అందులో ఉల్లిపాయ, వెల్లుల్లి, సిలింగ్ లబుయో అనే చిట్టి మిరపకాయలు నలిపి వేస్తారు. అందరూ ముంచే సీసాలో కొరికిన ముక్క మళ్లీ ముంచకూడదు. చిన్న కప్పులో విడిగా పోయించుకోవడం ఇంకా మేలు. కొబ్బరాకు అల్లికలో వండిన పూసో అన్నం దొరికితే దాంతో పూట గడిచిపోతుంది.

మంచి బండి దగ్గర వేడివేడిగా తింటే ఐదుకు నాలుగు మార్కులు. ఒక మార్కు కోత ఎందుకంటే ఒకే బండిలో ఒక ముక్క మెత్తగా, పక్క ముక్క రబ్బరులా రావడం మామూలే. పొట్లం కట్టించుకుని గదికి తీసుకెళ్లడం మాత్రం దండగ. ఐదు నిమిషాల్లో ఆవిరి పట్టి పొర మెత్తబడుతుంది.