ఆలివర్ 13 నిమిషాలా, కోల్బేర్ నెలల కథా: ఏది మేలు?

విసుగు పుట్టించే విషయాన్ని నవ్విస్తూ బుర్రకెక్కించడం చాలా కష్టం. అమెరికా లేట్ నైట్ షోల్లో ఆ పని గొప్పగా చేసినవి నా లెక్కలో రెండు. ఒకటి, 2014 జూన్ 1న హెచ్‌బీఓ 'లాస్ట్ వీక్ టునైట్'లో జాన్ ఆలివర్ నెట్ న్యూట్రాలిటీ (నెట్ కంపెనీలు అన్ని సైట్లనూ ఒకేలా చూడాలన్న సూత్రం) మీద చేసిన ఎపిసోడ్. రెండోది, స్టీఫెన్ కోల్బేర్ తన 'కోల్బేర్ రిపోర్ట్'లో 2011 నుంచి నెలల తరబడి నడిపిన సూపర్ ప్యాక్ కథ.

సూపర్ ప్యాక్ అంటే ఎన్నికల ప్రచారానికి ఎంతైనా డబ్బు వసూలు చేసుకోగల సంస్థ. ప్రధాన షరతు, అభ్యర్థితో కూడబలుక్కోకూడదు. కోల్బేర్ పాఠం చెప్పలేదు, తనే ఒకటి పెట్టి పది లక్షల డాలర్లకు పైగా చందాలు రాబట్టాడు. 2012 జనవరిలో తాను పోటీ చేసే ఆలోచనలో ఉన్నానన్నప్పటి సీన్ తప్పకుండా చూడాలి. పక్కన లాయర్ ట్రెవర్ పాటర్. ఆయన ఒకప్పుడు ఎన్నికల సంఘానికే ఛైర్మన్. అభ్యర్థి సంస్థతో కూడబలుక్కోకూడదు కాబట్టి, దాని పగ్గాలు స్నేహితుడు జాన్ స్టీవర్ట్ చేతికి వెళ్లిపోయాయి. మరి స్టీవర్ట్, నేను కలిసి వ్యాపారం చేసుకోవచ్చా అని కోల్బేర్ అడిగితే, చేసుకోవచ్చన్నాడు పాటర్. చట్టంలో ఎంత పెద్ద కన్నం ఉందో అక్కడ కళ్లకు కడుతుంది. దీనికి టీవీ, రేడియో కార్యక్రమాలకిచ్చే పీబాడీ అవార్డు ఊరికే రాలేదు.

ఆలివర్‌ది దాదాపు 13 నిమిషాల్లో అయిపోతుంది. డబ్బు కట్టే సైట్లకు వేగంగా వెళ్లే దారి ఇవ్వొచ్చన్నది అప్పటి ప్రతిపాదన. కేబుల్ కంపెనీల తరఫున లాబీయింగ్ చేసిన టామ్ వీలరే వాటిని అదుపు చేసే ప్రభుత్వ సంస్థ ఎఫ్‌సీసీకి ఛైర్మన్ అయ్యాడని చూపించి, చివర్లో నెట్‌లో కామెంట్లు పెట్టేవాళ్లతో నేరుగా మాట్లాడాడు: మీ కోపమంతా ఎఫ్‌సీసీకి రాయండని. మర్నాడు అక్కడి కామెంట్ల సిస్టమ్ మొరాయించింది. 2015 ఫిబ్రవరిలో నెట్ న్యూట్రాలిటీ కోసం గట్టి నిబంధనలు ఎఫ్‌సీసీలో 3-2 ఓట్లతో పాసయ్యాయి. ఆ ఘనతంతా ఆయనదే అనను, ఎన్నో సంస్థలు అప్పటికే పోరాడుతున్నాయి.

ఒక్కటే చూసే టైముంటే ఆలివర్‌దే చూడమంటాను. లోతులో కోల్బేర్‌దే పైచేయి. కానీ ముక్కలు ముక్కలుగా చూస్తే దారం తెగిపోతుంది, చూసినవాళ్లకు చేయడానికి పనీ ఉండదు. ఆలివర్ పని అప్పగించి పంపుతాడు. 2015 ఏప్రిల్‌లో మన దేశంలో ఏఐబీ అనే కామెడీ బృందం వాళ్లూ నెట్ న్యూట్రాలిటీ మీద ఇలాగే ఒక వీడియో చేశారు, టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్‌కి 10 లక్షలకు పైగా ఈమెయిళ్లు వెళ్లాయి. సైటుకో రేటు పెట్టకూడదని 2016 ఫిబ్రవరిలో ట్రాయ్ తేల్చేసింది.

అమెరికాలో మాత్రం ఆ నిబంధనల్ని 2017 డిసెంబర్‌లో ఎత్తేశారు, అదీ 3-2తోనే. అదే ఏడాది మేలో ఆలివర్ ఈ విషయం మీద మళ్లీ ఎపిసోడ్ చేశాడు. మొదటిది చూశాకే దాని జోలికి వెళ్లండి.