'ఆమూర్': డీవీడీనా, బ్లూరేనా?

మైఖేల్ హనెకె తీసిన 'ఆమూర్' 2012లో కాన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి పామ్ డోర్ గెలిచింది, మరుసటి ఏడాది ఆస్కార్ కూడా. కథంతా దాదాపు ఒకే పారిస్ ఫ్లాట్‌లో, ఒక ముసలి జంట మధ్య నడుస్తుంది. ఫైట్లు, ఛేజింగులు లేని ఇలాంటి సినిమాకి డీవీడీ చాలదా అనిపిస్తుంది. నాకైతే చాలదు.

యూరప్ డీవీడీలో బొమ్మ 720x576, బ్లూరేలో 1920x1080. అంటే సరిగ్గా ఐదు రెట్ల చుక్కలు (పిక్సెళ్లు). ఛాయాగ్రాహకుడు డారియస్ ఖోంజీ ఆ గదుల్ని మసక వెలుతురులో తీశాడు. డీవీడీలో ఆ నీడలు ముద్దగా కలిసిపోతాయి. ముసలావిడగా వేసిన ఎమ్మాన్యుయెల్ రివా ముఖంలో క్షణానికోసారి మారే భావం చూడాలంటే బ్లూరేనే.

ధ్వని సంగతి ఇంకా ముఖ్యం. ఇందులో నేపథ్య సంగీతం లేదు. వంటింట్లో కట్టేయని కుళాయి చప్పుడే ఒక సన్నివేశాన్ని మోస్తుంది. పైగా కథలో ఇద్దరూ సంగీతం టీచర్లు, స్వరకర్త షూబర్ట్ పియానో సంగీతం వినిపిస్తుంది. సెకనుకు 24 ఫ్రేముల సినిమాని యూరప్‌లో వాడే పాల్ (PAL) టీవీ పద్ధతి డీవీడీలో 25కి పరిగెత్తిస్తారు. శ్రుతి సరిచేయకపోతే పియానో కాస్త పైస్థాయిలో మోగుతుంది. చెవి ఉన్నవాళ్లకి అది చిరాకే. బ్లూరేలో ఆ గొడవ లేదు.

డీవీడీకి ఉన్న సుగుణం, పాత ప్లేయర్‌లోనూ ఆడుతుంది. కాకపోతే రీజియన్, అంటే డిస్కు ఏ దేశాల ప్లేయర్లలో ఆడుతుందో చెప్పే గుర్తు, చూసుకోండి: మన దేశానికి డీవీడీలో 5, బ్లూరేలో సి. అమెరికా నుంచి చుట్టాలు తెచ్చే డిస్కులు ఇక్కడ మొరాయించవచ్చు.