పాయింట్ టూటూకి పది రౌండ్ల మేగజైన్: కోనసీమ ఉప్పుగాలిలో వాడి చూశాక

ముందు తేలిన సంగతి చెప్పేస్తాను. బ్రనో పాయింట్ టూటూ (.22 కొలత) రైఫిల్‌కి బయటి కంపెనీ చేసిన పది రౌండ్ల ప్లాస్టిక్ మేగజైన్, అంటే పది తూటాలు పేర్చి తుపాకీ కింద ఎక్కించే డబ్బా, ప్రాక్టీసుకి బాగా పనికొస్తుంది, పెట్టిన డబ్బుకి లోటు లేదు. కాకపోతే పది పట్టే దాంట్లో ఎనిమిదే వెయ్యాలి. రైఫిల్‌తో పాటు వచ్చిన అయిదు రౌండ్ల ఇనప మేగజైన్‌ని మాత్రం పక్కన పడెయ్యకూడదు. ఇలా ఎందుకంటున్నానో వివరంగా రాస్తాను. ఈ వస్తువు మీద నేను చదివినవన్నీ చలిదేశాల వాళ్ళు రాసినవే. రోహిణి కార్తె ఎండకీ, శ్రావణమాసం ముసురుకీ ఇది ఎలా తట్టుకుంటుందో వాటిలో ఉండదు.

నా రైఫిల్ తాతగారి నాటిది, బ్రనో మోడల్ 2, బోల్ట్ యాక్షన్, అంటే ప్రతి షాట్‌కీ బోల్ట్ అనే ఇనప కడ్డీని చేత్తో వెనక్కి లాగి ముందుకి తోయాలి. చెకోస్లొవాకియా సరుకు. లైసెన్స్ ఆయన నుంచి నాన్నగారికీ, నాన్నగారి నుంచి నాకూ మారింది. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు విడిపోయాక ఫైలు కాకినాడ నుంచి అమలాపురం వచ్చింది. ఇంత పాత తుపాకీకి ఇప్పటికీ విడిభాగాలు దొరకడానికి కారణం ఉంది. ఆ తర్వాత సీజెడ్ కంపెనీ చేసిన 452, 455 మోడళ్ళకి కూడా ఇదే తరహా మేగజైన్. అందుకే ఇతర కంపెనీలు కూడా వీటిని చేసి అమ్ముతున్నాయి.

పది ఎందుకంటే, టార్గెట్ పేపర్ మీద మేం కాల్చేది పదేసి షాట్ల వరసలు. అయిదుతో అయితే సరిగ్గా సగంలో ఆగి, మేగజైన్ తీసి, నింపి, మళ్ళీ భుజానికి ఆనించుకోవాలి. అంతసేపూ కుదురుకున్న ఊపిరి, చెంప ఆనిన చోటు, మోచెయ్యి ఒత్తిడి అన్నీ మొదటికొస్తాయి. మొదటి అయిదూ ఒక గుంపుగా, తర్వాతి అయిదూ కాస్త పక్కన ఇంకో గుంపుగా పడటం నా పేపర్ల మీద ఎన్నోసార్లు చూశాను. ఆ ఆటంకం పోవాలనే కొన్నాను. పోటీలకి మాత్రం ఇది అక్కర్లేదు. 2024 పారిస్ ఒలింపిక్స్‌లో స్వప్నిల్ కుసాలే కాంస్యం గెలిచిన 50 మీటర్ల రైఫిల్ పోటీలో ఒక్కో తూటా చేత్తో పెట్టి కాల్చాల్సిందే.

కొన్నది లైసెన్స్ ఉన్న డీలర్ దగ్గరే. ఇది వట్టి ప్లాస్టిక్ డబ్బాయే కదా, ఎక్కడినుంచి తెప్పించుకుంటే ఏమిటి అనుకునేవాళ్ళున్నారు. 1959 ఆయుధాల చట్టం ప్రకారం ఆయుధపు భాగాలు కూడా ఆయుధాలే. లైసెన్స్ చూపించి, బిల్లు రాయించుకుని, ఆ బిల్లు లైసెన్స్ పుస్తకంలోనే పెట్టుకోండి. డీలర్ పెద్దాయన నా చేతిలో మేగజైన్ పెడుతూ, "తీసుకోండి బాబూ, బాగానే ఉంటదండి. ఒక్కోటి ఒక్కోలా ఉంటాయండి ఇవి, ఇక్కడే నాలుగు సార్లు పెట్టి తీసి చూసుకోండి ఆయ్" అన్నారు. ఆయన ఉంచిన మూడింట్లో ఒకటి అసలు లాక్ పడలేదు. ఒకటి పడింది కానీ ముందుకీ వెనక్కీ ఊగింది. మూడోది బిగువుగా కూర్చుంది, అదే తెచ్చుకున్నాను.

ఇక అసలు విషయం. పాయింట్ టూటూ తూటాకి అడుగున చుట్టూ అంచు ఉంటుంది. పేలే మందు ఉండేది ఆ అంచు మడతలోనే, రిమ్‌ఫైర్ అనేది అందుకే. ఆ అంచు 7 మిల్లీమీటర్ల పైచిలుకు వెడల్పు, తూటా ఒళ్ళేమో 5.7 మిల్లీమీటర్లు. దీనివల్ల రెండు ఇబ్బందులు. ఒకటి, ఒకదాని మీద ఒకటి పేరిస్తే వెనకవైపు ఎత్తు పెరిగి ముక్కులు కిందికి దిగుతాయి. మేగజైన్ ఏటవాలుగా ఉండేది దానికోసమే. రెండోది అంతకన్నా ముఖ్యం: పై తూటా అంచు ఎప్పుడూ కింది తూటా అంచుకి ముందు ఉండాలి, పెంకుటింటి కప్పు మీద పెంకులు సర్దినట్టు. పైది వెనక పడిందా, బోల్ట్ ముందుకి తోసినప్పుడు కింది అంచుకి తట్టుకుని రెండూ కలిసి బిగుసుకుంటాయి. అయిదింటిలో ఇలా జరిగే అవకాశం తక్కువ. పదింటిలో ఎక్కువ, పైగా ఎక్కడో అయిదో ఆరో తూటా దగ్గర తిరగబడితే పైకి కనపడదు కూడా.

కాబట్టి నింపేటప్పుడు హడావిడి పనికిరాదు. ఒక్కో తూటా ముందునుంచి జార్చి, అంచు వెనక గోడకి తగిలేదాకా నెట్టి, తర్వాతది వేసేముందు బొటనవేలితో వెనకభాగం ఒకసారి నొక్కి చూస్తాను. కొందరు మేగజైన్‌ని అరచేతికేసి టపటపా కొడతారు, తూటాలు సర్దుకుంటాయని. సరిగ్గా పేర్చినవి కూడా ఆ దెబ్బలకి కదిలిపోవడం నేను చూశాను.

ఈ మేగజైన్‌లో తేడా కనిపించేది మొదటి రెండు రౌండ్ల దగ్గరా, చివరి రౌండ్ దగ్గరా. పదీ నింపితే స్ప్రింగ్ పూర్తిగా అణిగిపోయి పై తూటాని పెదవులకేసి (తూటా జారిపోకుండా మేగజైన్ పైన వంగి ఉండే అంచులు) గట్టిగా ఒత్తేస్తుంది. బోల్ట్ మూసి ఉండగా మేగజైన్ ఎక్కించబోతే ఎక్కదు, తెరిచి ఎక్కించాలి. ఎక్కాక కూడా మొదటి రెండు తూటాలూ బరువుగా కదులుతాయి. అలా వెళ్ళిన తూటాని కాల్చకుండా బయటికి తీసి వెలుతురులో చూడండి. మెత్తటి సీసం మీద ఒక పక్కన మెరిసే గీత, దాని కొసన గోటితో చెక్కినట్టు చిన్న పొర లేచి ఉంటుంది. 40 గ్రెయిన్ల బుల్లెట్, అంటే 2.6 గ్రాములు. అంత చిన్నదాని మీద ఆ గీత గురిని చెడగొట్టకుండా ఉంటుందా? నా పేపర్ల మీద గుంపు నుంచి తప్పి పడ్డవి చాలావరకూ వరసలో మొదటివే. ఎనిమిది వేస్తే గీత కనపడదు, బోల్ట్ తేలిగ్గా నడుస్తుంది. తొమ్మిది పర్వాలేదు. నేను ఎనిమిది మేగజైన్‌లోంచి, చివరి రెండూ బోల్ట్ తెరిచి చేత్తో పెట్టీ కాలుస్తున్నాను. భుజం మీంచి తుపాకీ దించక్కర్లేదు, అది చాలు నాకు.

చివరి రౌండ్‌ది వేరే ఇబ్బంది. అక్కడికొచ్చేసరికి స్ప్రింగ్ సాగిపోయి ఊపు తగ్గుతుంది, తూటాని మోసే పలక ముందుకి ఒరుగుతుంది, ముక్కు కిందికి వాలి చాంబర్ (గొట్టంలో తూటా కూర్చునే గది) కింది అంచుకి కొట్టుకుంటుంది. కొత్తలో ఇది లేదు. వానాకాలాలు దాటాక మొదలైంది. స్ప్రింగ్ అలిసిపోయింది అనుకోవడానికి లేదు, ఎందుకంటే విప్పి తుడిచిన రోజున మళ్ళీ కొత్తదానిలా పనిచేస్తుంది. కారణం మైనం. పాయింట్ టూటూ బుల్లెట్‌కి బయటే మైనం పూత ఉంటుంది. మన మే నెల ఎండలో ఆ పూత మెత్తబడి మేగజైన్ లోపలి గోడలకి అంటుతుంది, దానికి మసీ దుమ్మూ చేరి జిగురవుతుంది. పలక ఆ జిగురులో నెమ్మదిస్తుంది. రావులపాలెం మీదుగా హైవే ఎక్కి రేంజ్‌కి, అంటే కాల్చడం ప్రాక్టీసు చేసే చోటికి, వెళ్ళేటప్పుడు తూటాల పెట్టెని కారు డిక్కీలో కాకుండా లోపల, నీడన పెట్టుకుంటే సగం బాధ తప్పుతుంది.

ఇక శుభ్రం చెయ్యడం. అడుగు పలక జార్చితే స్ప్రింగూ, తూటాల్ని మోసి తోసే పలకా బయటికి వస్తాయి, కంటికి అద్దాలు పెట్టుకుని తియ్యండి, స్ప్రింగ్ ఎగిరిపడుతుంది. లోపల పొడిగుడ్డతో తుడవడమే, నూనె వద్దు. నూనె దుమ్ము పడుతుంది, పైగా తూటా అంచులోకి ఇంకితే పేలకపోవచ్చు. స్ప్రింగ్‌కి మాత్రం తుపాకీ నూనె అంటించిన గుడ్డతో ఒక్క తుడుపు.

ఇక్కడొక మాట గట్టిగా చెప్పాలి. మన ఇళ్ళలో కొబ్బరినూనె ఎప్పుడూ చేతికందేలా ఉంటుంది, పాత తుపాకులకి అది రాసే అలవాటు కోనసీమలో ఇప్పటికీ ఉంది. దయచేసి రాయకండి. ధనుర్మాసం తెల్లవారుజామున సీసాలో నూనె గడ్డకట్టడం అందరం చూసేదే. బోల్ట్ సందుల్లోనూ, మేగజైన్ స్ప్రింగ్ మీదా అదే జరుగుతుంది. వేసవిలో అది ముక్కిపోయి, దుమ్ము పట్టి బంకగా మారుతుంది. దాన్ని గీకి తీసేటప్పుడు పడే గీతలే తర్వాత తుప్పుకి దారి.

తుప్పు విషయంలో ఈ ప్లాస్టిక్ మేగజైన్‌కి నేను మనస్ఫూర్తిగా మార్కులు వేస్తాను. సముద్రం దగ్గరి ఊరు మాది. తాతగారి ఇనప మేగజైన్‌ని ముసురు రోజుల్లో వారం పట్టించుకోకపోతే పెదవుల మూలల్లో ఎర్రటి పొడి కనిపిస్తుంది. దీనికి ఆ బెడద స్ప్రింగ్ ఒక్కదానికే. తోలు కవరులో మాత్రం ఏ మేగజైన్‌నీ ఉంచకండి, తోలు చెమ్మ పీలుస్తుంది. గాలి చొరని స్టీలు డబ్బాలో సిలికా జెల్ పొట్లాలు వేసి పెడుతున్నాను, తూటాలకి ఇంకో డబ్బా. ఆ పొట్లాలు వానాకాలంలో తొందరగా చెమ్మ పట్టేస్తాయి, మార్చుకుంటూ ఉండాలి.

ప్లాస్టిక్‌కి ఉన్న లోపం పెదవుల దగ్గరుంది. ఇనప పెదవులు ఏళ్ళ తరబడి వాడినా అలాగే ఉన్నాయి. వీటి లోపలి అంచులు నున్నగా అరిగి కొంచెం విచ్చుకున్నాయి. నింపి వదిలేస్తే, అదీ ఎండలో, ఇంకా విచ్చుకుంటాయి. రేంజ్ దాటాక ఒక్క తూటా కూడా లోపల ఉండకూడదన్నది భద్రత కోసం ఎలాగూ పాటించాల్సిందే. లాక్ పడే గాడి కూడా అరిగింది. కొత్తలో టక్కుమని కూర్చునేది ఇప్పుడు వేలితో కిందనుంచి ఎత్తి పట్టుకుంటే తప్ప పూర్తిగా పైకి రాదు. కాస్త కిందికి జారితే బోల్ట్ తూటా మీదనుంచి వెళ్ళిపోతుంది, చాంబర్ ఖాళీ, ట్రిగ్గర్ నొక్కితే టిక్కు. పాత రిమ్‌ఫైర్ రైఫిళ్ళలో అలా ఖాళీగా కొట్టించడం ఫైరింగ్ పిన్‌కీ చాంబర్ అంచుకీ మంచిది కాదు.

పొడుగు వల్ల ఇంకో చిన్న ఇబ్బంది. అయిదు రౌండ్లది తుపాకీ చెక్క కట్టెకి దాదాపు సమంగా ఉంటుంది. ఇది కిందికి పొడుచుకొచ్చి, బల్ల మీద ఇసక సంచిపై ఆనించి కాల్చేటప్పుడు సంచికి తగులుతుంది, తగిలితే పైకి తన్ని తూటా ముక్కు లేస్తుంది. సంచిని అరచెయ్యంత ముందుకి జరిపితే సరిపోయింది.

2024 ఎన్నికలప్పుడు లైసెన్స్ తుపాకులు అప్పగించమంటే నాదీ డిపాజిట్ చేసినప్పుడు రసీదులో రెండు మేగజైన్లూ విడివిడిగా రాయించాను, మీరూ రాయించుకోండి. అప్పగించేముందు రెండింటి స్ప్రింగులకీ నూనె గుడ్డ పట్టించాను. తిరిగొచ్చాక ప్లాస్టిక్‌ది యథాతథంగా ఉంది, ఇనపదానికి మూలల్లో కాస్త తుప్పు వచ్చింది, తుడిస్తే పోయింది.

ధర ఇనప ఒరిజినల్‌లో సగం కూడా లేదు. కానీ తయారుచేసిన కంపెనీ స్ప్రింగ్‌ని గానీ, తోసే పలకని గానీ విడిగా అమ్మడం లేదు, డీలర్‌ని అడిగాను. అరిగిపోతే మొత్తం మార్చాల్సిందే. లాక్ గాడి ఇంకొంచెం అరిగితే దీన్ని పక్కన పెట్టి ఇలాంటిదే ఇంకొకటి కొంటాను. ఈసారి కొట్లో రౌండ్ల లెక్క కాదు, ముందుగా ఆ గాడి, తర్వాత పెదవుల మందం చూసి ఎంచుకుంటాను.