హన్మకొండలో పొద్దున వాకింగ్‌కు పోయేవాళ్లు ఆ ‘ఉచిత షుగర్ టెస్టు’ టేబుల్ దగ్గర ఆగకండి

కోపం మీద రాస్తున్నా, తప్పులుంటే సర్దుకొని చదవండి. నిన్న సాయంత్రమే బాపును నర్సింగ్ హోమ్ నుంచి ఇంటికి తెచ్చుకున్నాం. నాలుగు రోజులు, 38 వేలు. షుగర్ తగ్గుతుందని ఆ టేబుల్ వాళ్లు అమ్మిన పొడి డబ్బాలకు పోసిన 23,400 వేరే లెక్క.

ఎవరి గురించో పేరు చెప్పకపోయినా నడిచేవాళ్లకు తెలిసిపోతుంది. తెల్లగుడ్డ పరిచిన టేబుల్, పచ్చ టీషర్టులు, వేలికి సూది గుచ్చే ముందు "బాపూ, జరంత చురుక్కుమంటది" అని చెయ్యి నిమిరే ఆ పిల్లగాడు. ఆ తర్వాత మేడ మీద ఏసీ సెంటర్, టోకెన్, గ్రీన్ టీ. పేరు రాస్తే నా మీదనే నోటీసు వస్తుందని లాయర్ మిత్రుడు అన్నాడు కాబట్టి రాయడం లేదు. అర్థమైనవాళ్లు పక్కింటి పెద్దవాళ్లకు చెప్పండి, చాలు.

కథ చిన్నదే. మా బాపుకు 71. పదకొండేళ్లుగా షుగర్ గోలీలు వేసుకుంటాడు, తప్పడు. నవంబర్‌లో చేయించిన హెచ్‌బీఏ1సీ (మూడు నెలల సగటు షుగర్ చెప్పే రక్తపరీక్ష) 7.2. ఆ వయసుకు పర్వాలేదని డాక్టర్ అన్నాడు. సంక్రాంతికి వారం ముందు ఈ టేబుల్ తగిలింది. మూడు రోజులు ఉచితంగా టెస్టు చేశారు. నాలుగో రోజు సెంటర్‌కు పిలిచారు. అయిదో రోజు ‘మూడు నెలల కోర్సు, షుగర్ రివర్స్’. డబ్బా 4,500 అంట, మనకు మాత్రం 3,900 అంట. ఆరు డబ్బాలు. మెంతులు, నేరేడు గింజలు, పొడపత్రి, కాకర, ఇంకో నాలుగు పేర్లు. మూత తీయగానే మా అమ్మ ఒక్కటే మాట అన్నది: "గీ మెంతుల వాసనకు నాలుగు వేలా? పోపుడబ్బల లేవా?" ఇంట్లో బడికి పోనిది ఆమె ఒక్కతే. తెలివి కూడా ఆమె ఒక్కదానికే ఉన్నట్టుంది.

నేనేం చేస్తానో చెప్పలేదు కదా. జూనియర్ కాలేజీలో కెమిస్ట్రీ చెప్తాను. నవ్వుకోండి. జవాబులో యూనిట్ రాయకపోతే అర మార్కు కోసే మనిషిని. డబ్బా మీద ‘మూలికల మిశ్రమం’ అని మొత్తం బరువు ఒక్కటి వేసి, ఏ మూలిక ఎంతుందో రాయకపోతే, ఆ డబ్బాకు ఫుల్ మార్కులేసి ఫోన్‌లో పైసలు కొట్టిన మేధావిని.

ఎందుకు నమ్మానంటే, ఆ పిల్లగాడు డబ్బా ముందువైపు చూపించి ఒక నంబర్ మీద వేలు పెట్టాడు. ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ, అంటే తిండి వస్తువుల భద్రత చూసే కేంద్ర సంస్థ ఇచ్చేది, పద్నాలుగు అంకెలు. "సెంట్రల్ గవర్నమెంట్ అప్రూవ్డ్ సార్, ఊరికెనే ఇస్తరా?" అన్నాడు. ఊరికే ఇవ్వరు నిజమే. కానీ అది దేనికిస్తారో నేను అడగలేదు. మిక్చర్ ప్యాకెట్టు మీద కూడా అట్లాంటి ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ నంబర్ ఉంటుంది. తినే వస్తువు తయారు చేసే, అమ్మే వ్యాపారం నమోదైందని దానర్థం. మిక్చర్ తింటే షుగర్ తగ్గుతుందని ఎవరైనా అంటే నేను నమ్ముతానా?

మొదటి నెల గోలీలు, పొడి రెండూ వాడమన్నారు. ఇక్కడే ఉంది అసలు కిటుకు, నాకిప్పుడు అర్థమైంది. గోలీ పనిచేస్తూనే ఉంటుంది. బాపు భయానికి స్వీట్లు బంద్ చేశాడు, రోజూ గంట నడుస్తున్నాడు. వాళ్ల మిషన్‌లో 118 వచ్చింది. ఎవరి వల్ల వచ్చింది? పొడి వల్ల! చప్పట్లు కొట్టించారంట సెంటర్‌లో, మా బాపును నిలబెట్టి. ఇంటికొచ్చి రెండు రోజులు అదే చెప్పాడు. ఫిబ్రవరి మధ్యలో, "ఇగ ఇంగ్లీష్ మందుతో మీకు పనిలేదు, కిడ్నీలు ఖరాబైతయి, బంద్ చెయ్యండి" అన్నారు.

బంద్ చేశాడు. నాలుగో వారానికి రాత్రికి ఆరేడుసార్లు లేవడం, చెంబు మీద చెంబు నీళ్లు. ఎండలు మొదలైనయి కదా అనుకున్నాం. మొన్న బుధవారం పొద్దున బాత్రూం గడప దగ్గర కూలబడ్డాడు. నర్సింగ్ హోమ్‌లో చూస్తే 412. హెచ్‌బీఏ1సీ 9.8.

ఇప్పుడు అసలు సంగతి. డబ్బు పోయినందుకు ఇంత కోపం లేదు, నమ్మండి. శుక్రవారం సాయంత్రం బాపుకు సెలైన్ ఎక్కుతుంటే అమ్మను దగ్గర కూర్చోబెట్టి, ఖాళీ డబ్బా ఒకటి, సీల్ తీయనివి రెండు సంచిలో వేసుకొని సెంటర్‌కు పోయాను. టోకెన్లు పట్టుకొని ఆరుగురు పెద్దవాళ్లు కూర్చున్నారు. ఆ పిల్లగాడే ఉన్నాడు. సంక్రాంతికి డబ్బాలు ఇంటికి తెచ్చిచ్చి, మా అమ్మ పెట్టిన సకినాలు తిని, ఇంకో నాలుగు జేబులో వేసుకుపోయిన పిల్లగాడు. "అన్నా, బాపు ఎట్లున్నడు?" అన్నాడు. దవాఖానలో ఉన్నాడని చెప్పాను. ఆ మాటతోనే మొహం మారింది. లోపలికి పోయి మేడం‌ను తీసుకొచ్చాడు.

మేడం కూర్చోమనలేదు. "పేషెంట్ పేరేంటి?" అన్నది. రెండు నెలలు రోజూ "బాపూ, బాపూ" అని పిలిచిన చోట మా బాపు ఒక్క నిమిషంలో పేషెంట్ అయిపోయాడు. పోనీ పేషెంట్ అనే అనుకుందాం. పేషెంట్ అంటే మీరు ఇచ్చింది మందే కదా అని అడిగాను. అప్పుడు ఆమె నా చేతిలో డబ్బా తీసుకొని, తిప్పి, వెనకవైపు కింద ఒక లైను మీద గోరు పెట్టింది. చీమ తలకాయంత ఇంగ్లీషు అక్షరాలు. నాట్ ఫర్ మెడిసినల్ యూజ్. ఔషధంగా వాడటానికి కాదు.

"ఇది మందు కాదు సార్, ఫుడ్ సప్లిమెంట్. చదువుకున్నోళ్లు కదా, డబ్బా సుత చదువుకోరా?"

ముందువైపు వేలు పెట్టి అమ్మారు, వెనకవైపు గోరు పెట్టి వెళ్లగొట్టారు. డబ్బా అదే.

గోలీలు ఆపమన్నది మీరు కాదా అన్నాను. "ఎవరు చెప్పిండ్రు? కాగితం మీద రాసిచ్చినమా?" నేను పిల్లగాడి వైపు చూశాను. వాడు ఫోన్ చూసుకుంటున్నాడు. వేలితో తెర జరుపుతున్నాడు, కానీ కళ్లు కదలడం లేదు. అది చూసినప్పుడు ఒళ్లు మండింది నాకు. కనీసం అబద్ధం చెప్పినా బాగుండు. మీ బాపుకు తక్కువైతే చాలన్నా, నాకు ఇంతే తెలుసు అన్నా సగం కోపం పోయేది.

సీల్ తీయని డబ్బాలైనా వాపస్ తీసుకొమ్మన్నాను. మేడం జవాబు యథాతథంగా రాస్తున్నా: "కోర్సు మధ్యల ఆపేస్తే మా రెస్పాన్సిబిలిటీ ఉండదు, ఫుడ్ ఐటమ్‌కు రిటర్న్ లేదు." ఒకే వాక్యంలో మొదటి సగానికి అది మందు, రెండో సగానికి తిండి. పైగా "మీ పేషెంట్ పథ్యం సరిగ్గ చెయ్యలే" అని ఒక ముక్తాయింపు. నేను గొంతు పెంచాను, ఒప్పుకుంటా. టోకెన్లతో కూర్చున్నవాళ్లు ఒక్కరైనా లేస్తారేమో అనుకున్నా. ఒక పెద్దమనిషి నన్నే సముదాయించాడు, "మాకైతే మంచిగనే ఉన్నది సారూ, లొల్లి చెయ్యకుండ్రి." ఆయన ఇంకా గోలీలు వాడుతున్నాడా లేదా అని అడగాల్సింది. తోచలేదు.

ఇంటికొచ్చాక రాత్రంతా చదివాను, చదవాల్సిన రోజు చదవకుండా. ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ నంబర్ దొంగదేమో అని వాళ్ల వెబ్‌సైట్‌లో కొట్టి చూశాను. దొంగదైతే పని సులువయ్యేది. నిజమైనదే, ఎక్కడో వేరే రాష్ట్రంలో ప్యాకింగ్ యూనిట్‌ది. ఇట్లాంటి హెల్త్ సప్లిమెంట్ల మీద ‘ఔషధంగా వాడటానికి కాదు’ అని వేయాలన్నది కూడా ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ నిబంధనే. అంటే మనల్ని కాపాడటానికి పెట్టిన లైను. అదే లైను ఇప్పుడు మేడం చేతిలో డాలు అయి కూర్చుంది.

మరి షుగర్ తగ్గిస్తామని బ్యానర్ కట్టొచ్చా? కట్టకూడదు. 1954లోనే దానికి చట్టం వచ్చింది, డ్రగ్స్ అండ్ మ్యాజిక్ రెమెడీస్ చట్టం. అందులోని జబ్బుల జాబితాలో డయాబెటిస్ ఉంది. నయం చేస్తామని ప్రకటన ఇస్తే మొదటిసారి దొరికినప్పుడే ఆరు నెలల వరకు జైలు పడొచ్చు. తిండి వస్తువు మీద తప్పుదారి పట్టించే ప్రకటన చేస్తే 2006 ఆహార భద్రత చట్టం ప్రకారం పది లక్షల వరకు జరిమానా. 2024లో సుప్రీంకోర్టు ఇట్లాంటి ప్రకటనల మీదనే ఒక పెద్ద ఆయుర్వేద కంపెనీతో పేపర్లలో క్షమాపణ వేయించింది. మన రాష్ట్ర ఔషధ నియంత్రణ వాళ్లు ఇదే 1954 చట్టం కింద సరుకు పట్టుకున్న వార్తలు కూడా వస్తుంటాయి. అవన్నీ నేను చదివినవే. చదివి, పేజీ తిప్పి, బాపు కోసం 23,400 కట్టాను.

అందుకే మా సెంటర్ వాళ్ల బ్యానర్ మీద ‘షుగర్ నయం’ అని ఎక్కడా లేదు, గుర్తు చేసుకుంటే. ‘ఉచిత షుగర్ టెస్ట్’ అని మాత్రమే ఉంది. మిగతాదంతా నోటిమాట. రాసిచ్చినమా అని ఊరికే అనలేదు ఆమె.

డాక్టర్‌కు కూడా ఆ డబ్బా చూపించాను. ఆయన పెద్దగా చూడలేదు, రోజూ చూస్తున్నట్టున్నాడు. మూలికల పొడి అని అమ్మేవాటిలో ఇంగ్లీషు మందే కలిపి దొరికిన సందర్భాలు ఉన్నాయని, అట్లాంటిది అయితే గోలీతో కలిపి వేసుకున్నప్పుడు షుగర్ మరీ పడిపోయే ప్రమాదం కూడా ఉందని చెప్పాడు. ఇందులో ఉందో లేదో పరీక్ష చేస్తే తప్ప తెలియదు. ఆ పరీక్ష సంగతీ చూశాను. కొన్నవాళ్లు ఫీజు కట్టి ఫుడ్ అనలిస్టుతో పరీక్ష చేయించుకోవచ్చని చట్టంలోనే ఉంది. కాకపోతే, పరీక్షకు పంపుతానని కొనేటప్పుడే దుకాణదారుకు చెప్పాలంట. "తమ్మీ, ఆరు డబ్బాలు ఇయ్యి, ఒకటి ల్యాబ్‌కు" అని అడగాలన్నమాట.

ఆయుర్వేదం మీద నాకు కోపం లేదు, ఎవరూ ఆ లొల్లి మొదలుపెట్టకండి. ఆయుర్వేద మందుకు మందుల తయారీ లైసెన్సు నంబర్ వేరే ఉంటుంది, చదువుకున్న ఆయుర్వేద డాక్టర్ ఉంటాడు. ఇక్కడ రెండూ లేవు. పచ్చ టీషర్టు ఉంది.

ఇంకొకటి చెప్పకపోతే ఇదంతా రాసి లాభం లేదు. గోలీలు ఆపమన్న రోజు రాత్రి బాపు నా దగ్గరికి వచ్చి అడిగాడు, "బంద్ వెట్టాల్నారా?" అని. ప్రాక్టికల్స్ నడుస్తున్నయి, మార్కుల షీట్లు ముందేసుకొని కూర్చున్నా. తల ఎత్తకుండా "వాళ్లు చెప్పిండ్రు కదా, చూద్దాం" అన్నాను. నర్సింగ్ హోమ్‌లో జూనియర్ డాక్టరమ్మ "గోలీలు ఎందుకు ఆపారు?" అని అడిగితే బాపు నా వైపు చూడలేదు. "నేనే మర్సిపోయిన బిడ్డా" అన్నాడు ఆమెతో. పదకొండేళ్లలో ఒక్కరోజు మర్చిపోని మనిషి.

సరే. మీకు పనికొచ్చేవి గబగబా. డాక్టర్‌ను అడగకుండా ఏ గోలీ ఆపొద్దు, ఎవరు చెప్పినా. వేలి మీద టెస్టు ఆ నిమిషం సంగతే చెప్తుంది, మూడు నెలల సంగతి హెచ్‌బీఏ1సీతో తెలుస్తుంది, బయట ల్యాబ్‌లో చేయించండి. డబ్బా వెనకవైపు ఫోన్‌లో ఫొటో తీసి పెద్దగా చేసి చదవండి. గోలీలు ఆపమని చెప్తే, అదే మాట కాగితం మీద రాసి సంతకం పెట్టమనండి, వాళ్ల మొహాలు చూడండి. ఫిర్యాదుకు వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915. ఔషధ నియంత్రణ వాళ్ల టోల్‌ఫ్రీ 1800-599-6969, ఆఫీసు టైంలో చేయాలి. జిల్లా వినియోగదారుల కమిషన్‌లో అయిదు లక్షల లోపు కేసుకు ఫీజు లేదు, రెండేళ్ల లోపు వేయొచ్చు.

నేను సోమవారం పోతున్నా. చిక్కేమిటంటే నా దగ్గర బిల్లు లేదు. ‘ఎస్టిమేట్’ అని తెల్లచిట్టీ మీద రాసిచ్చారు, దుకాణం పేరు కూడా లేదు దాని మీద. ఫోన్‌లో కట్టిన పైసలు ఎవరిదో మనిషి పేరు మీద పోయినయి. మీలో ఎవరి దగ్గరైనా వాళ్లు ఇచ్చిన అసలు బిల్లు, జీఎస్టీ నంబర్‌తో, ఉంటే దయచేసి ఒక ఫొటో పంపండి. సీల్ ఉన్న రెండు డబ్బాలు బీరువాలో పెట్టాను. అమ్మ రెండుసార్లు పారబోయబోయింది, ఆపాను.