బాలసముద్రంలో టైటానిక్: నాలుగో గొట్టంలోంచి కూడా పొగే

హన్మకొండకు ఉన్న సముద్రం బాలసముద్రం ఒక్కటే, అదీ పేరులోనే. అక్కడ టైటానిక్ ఎగ్జిబిషన్ పెట్టారని తెలిసిన రోజు నుంచి మా అక్క కొడుకు నా చెవిలో జోరీగ అయ్యాడు. ఆరో తరగతి చదువుతున్నాడు. "మామా, నువ్వు షిప్పుల పనిచేసినవ్ గదా, నువ్వు గాకపోతె నన్నెవరు తీస్కపోతరు" అని వాడి వాదన. కాజీపేట రైల్వే క్వార్టర్స్‌లో పెరిగి, ఐటీఐలో ఫిట్టర్ చేసి, పందొమ్మిదేళ్లు సరుకు ఓడల ఇంజిన్‌రూముల్లో నూనె మరకలతో గడిపినవాణ్ని. తప్పించుకునే దారి లేక ఆదివారం సాయంత్రం బయల్దేరాం.

టికెట్ పెద్దలకు 120, పిల్లలకు 80. బండి పార్కింగ్ 30. లోపల వీఆర్ (కళ్లకు పెట్టె తగిలించుకొని చూసే బొమ్మ) చూడాలంటే మళ్లీ 100. ఈ డబ్బులకు ఇంకాస్త కలిపితే లక్నవరం వెళ్లి నిజం పడవే ఎక్కి రావచ్చు. అల్లుడు వింటేనా!

ప్లైవుడ్‌తో కట్టిన ఓడ ముందుభాగం మాత్రం బాగుంది. రెండంతస్తుల ఎత్తు ఉంది, రివెట్ల చుక్కలు కూడా ఓపిగ్గా పెయింట్ చేశారు. పైన నాలుగు పొగగొట్టాలు, నాలుగింటిలోంచీ గుప్పుగుప్పున పొగ. పెళ్లి స్టేజీల మీద వాడే పొగ మిషన్లే. అసలు ఓడలో 29 బాయిలర్లుంటే, వాటి పొగంతా మొదటి మూడు గొట్టాల్లోంచే పోయేది. నాలుగోది లోపలికి గాలి ఆడటానికి, కొంత వంటగది పొగకి, మిగతాదంతా చూసేవాళ్ల కళ్లకి. మూడు గొట్టాల ఓడ కన్నా నాలుగు గొట్టాల ఓడ గట్టిదని జనం అనుకునే రోజులవి. ఇదంతా నేను చెబుతుంటే గేటు దగ్గరి అబ్బాయి "లోపలికి నడవండి అంకుల్, లైన్ ఆగిపోతుంది" అన్నాడు.

లోపలికి వెళ్లగానే చేతిలో ఒక అట్టముక్క పెడతారు. దాని మీద ఒక ప్రయాణికుడి పేరుంటుంది. చివరి గదిలో గోడమీది జాబితా చూసి మనం బతికామో లేదో తెలుసుకోవాలి. ఈ పద్ధతి నాకు నచ్చింది. నాకు జాన్ జేకబ్ ఆస్టర్ వచ్చాడు. అల్లుడికీ ఆస్టరే. మా వెనకాల జనగామ నుంచి వచ్చిన కుటుంబంలో అయిదుగురికీ ఆస్టరే. ఓడలో అందరికన్నా డబ్బున్న మనిషి, బతకలేదు. ఆ రకంగా ఆ సాయంత్రం బాలసముద్రంలో మేమంతా కోటీశ్వరులుగా చనిపోయాం.

నవ్వుకున్నాను గానీ, ఎగ్జిబిషన్ అంతా ఈ తీరే. పెద్ద మెట్లు, డైనింగ్ హాలు, వెండి చెంచాలు, కెప్టెన్ టోపీ. 1912 ఏప్రిల్ 14 రాత్రి 11:40కి మంచుకొండ తగలడం, 2:20కి మునగడం వరకు బోర్డుల మీద సరిగ్గానే రాశారు. సుమారు 2,200 మందిలో 1,500 మంది చనిపోయారని, లైఫ్‌బోట్లు 20 మాత్రమే అని, అవన్నీ నిండినా 1,178 మందే పడతారని కూడా ఉంది. మూడో తరగతి మీద మాత్రం ఒక్క బోర్డు లేదు. మొదటి తరగతిలో నూటికి 60 మందికి పైగా బతికితే, మూడో తరగతిలో బతికింది నూటికి పాతిక మందే. వాళ్ల గదులు అడుగున, ఓడకు ఆ చివర, ఈ చివర. బోట్లేమో అన్నిటికన్నా పైన, మొదటి తరగతి వాళ్లు షికారు చేసే చోట. వలస వెళ్లేవాళ్ల నుంచి రోగాలు అంటుకుంటాయని అమెరికా చట్టం పెట్టించిన గేట్లు మధ్యలో. చాలామందికి ఇంగ్లిష్ రాదు, బోర్డు చదివి దారి పట్టుకునే వీలు లేదు. మా బాపు రైల్వే మనిషి. జనరల్ బోగీ ఎప్పుడూ ఇంజిన్ పక్కనో గార్డు పెట్టె పక్కనో ఎందుకుంటుందని చిన్నప్పుడు నేనడిగితే ఆయన జవాబు చెప్పలేదు. ఓడెక్కాక నాకే అర్థమైంది.

ఐసు గది గురించి చెప్పాలి, ఇది బాగా చేశారు. ఏసీ పెట్టిన చిన్న గదిలో ప్లాస్టిక్ టబ్బు నిండా ఐసు నీళ్లు. చెయ్యి పెట్టి ఎంతసేపు ఉంచగలరో చూడమంటారు. అల్లుడు 40 సెకన్లకు "అమ్మో" అని తీసేశాడు. వేళ్లు ఎర్రగా, బిగుసుకుపోయి ఉన్నాయి. చొక్కా గుండీ పెట్టుకో చూద్దాం అన్నాను. పెట్టుకోలేకపోయాడు. ఈ టబ్బు మంచినీళ్లది, సున్నా కన్నా కిందికి పోదు. ఉప్పునీళ్లు సున్నా దాటాక గానీ గడ్డకట్టవు, ఆ రాత్రి సముద్రం దాదాపు మైనస్ 2 డిగ్రీలు. నీళ్లలో పడ్డవాళ్లలో చాలామంది మునిగి చనిపోలేదు, కార్కు జాకెట్లు వాళ్లను తేల్చే ఉంచాయి. చలికి పోయారు. బోట్లలో ఖాళీ ఉండి కూడా వెనక్కి వచ్చినవి ఒకటీ రెండే. ఒక బోటులో 40 మంది పట్టేచోట 12 మందే ఉన్నారు. హెరాల్డ్ లోవ్ అనే ఆఫీసరు తన బోటులోవాళ్లను వేరే బోట్లకు మార్చి వెనక్కి వెళ్లేసరికి నలుగురే దొరికారు, వాళ్లలోనూ ఒకరు దక్కలేదు.

ఇంజిన్‌రూమ్‌కి బోర్డు ఉంటుందని వెతికాను. లేదు. జోసెఫ్ బెల్ అనే చీఫ్ ఇంజినీరు, ఆయన కింది ఇంజినీర్లు, ఎలక్ట్రీషియన్లు అంతా కలిపి 35 మంది, ఒక్కరూ బతకలేదు. ఓడ మునగడానికి రెండు నిమిషాల ముందు వరకూ లైట్లు వెలిగాయంటే వాళ్ల పుణ్యమే. ఒకసారి అరేబియా సముద్రంలో మా ఓడకి జనరేటర్ ట్రిప్ అయి చీకటైపోయింది. ఇంజిన్‌రూమ్‌లో భయం వేసేది చీకటికి కాదు, చప్పుడు ఆగిపోయినందుకు. ఎప్పుడూ చెవులు పగిలేలా మోగే చోట ఎక్కడో పైపులోంచి నీటి చుక్క పడటం వినిపిస్తుంది. నిమిషం లోపే ఎమర్జెన్సీ జనరేటర్ అందుకుంది. ఆ నిమిషం ఇప్పటికీ కలలోకి వస్తుంది. వాళ్లలో చాలామంది రెండు గంటలకు పైగా అడుగున ఉన్నారు.

రక్షించడానికి వచ్చిన ఓడ గురించి ఒకే ఒక బోర్డు ఉంది, అది పాప్‌కార్న్ మిషను వెనకాల. కార్పాథియా పేరు కూడా "కర్పాటియా" అని రాశారు. నా లెక్కలో ఈ కథంతటికీ ప్రాణం అక్కడే ఉంది. వైర్‌లెస్ కుర్రాడు హెరాల్డ్ కాటమ్ పడుకోబోతున్నాడు, బట్టలు మార్చుకుంటూ కూడా హెడ్‌ఫోన్ తీయలేదు. దాంతో టైటానిక్ ఆపద పిలుపు చెవిన పడింది. ఆ కాస్త బద్ధకమో శ్రద్ధో, 700 మందిని బతికించింది. నిద్రలేపితే కెప్టెన్ ఆర్థర్ రోస్ట్రన్ ముందు ఓడ తిప్పమన్నాడు, ఆ తర్వాత "నీకు ఖాయంగా తెలుసా?" అని అడిగాడు. దూరం 58 మైళ్లు. గదుల్లో వేడి, వేడినీళ్లు ఆపించి ఆ ఆవిరి కూడా ఇంజిన్లకే ఇప్పించాడు. పడుకున్న ఫైర్‌మెన్లను లేపి బొగ్గు వేయించాడు. సూపు, కాఫీ, దుప్పట్లు, తాళ్ల నిచ్చెనలు, పక్క తలుపులు తెరవడం, అన్నీ ముందే పురమాయించాడు. పిల్లలను పైకి లాగడానికి బాయిలర్ల బూడిద ఎత్తే కాన్వాస్ సంచులు తెప్పించాడు. చదివినప్పుడల్లా ఈ సంచుల దగ్గర ఆగిపోతాను. నేనూ అలాంటి సంచులు మోసినవాణ్నే, వాటిలో పసిపిల్ల పడుతుందన్న సంగతి నాకెన్నడూ తట్టలేదు. తెల్లవారుజామున నాలుగింటికి చేరారు, దారిలో మంచుకొండలు తప్పించుకుంటూ. దగ్గర్లోనే ఉన్న కాలిఫోర్నియన్ ఓడ వైర్‌లెస్ మనిషి అప్పటికే పడుకున్నాడు. ఓడకు ఒక్కడే ఆపరేటరు, వాడికీ నిద్ర కావాలి కదా. పైనున్నవాళ్లు ఆకాశంలో రాకెట్లు చూశారు గానీ అతణ్ని లేపలేదు. 24 గంటలూ వైర్‌లెస్ వినాలన్న రూలు, అందరికీ సరిపడా బోట్లుండాలన్న రూలు, అన్నీ ఆ తర్వాతే వచ్చాయి, సముద్రంలో ప్రాణాలు కాపాడటానికి 1914లో దేశాలు చేసుకున్న సోలాస్ ఒప్పందంలో చేరాయి. మా ఓడలో ఆదివారం నిద్ర పాడుచేసిన ప్రతి బోట్ డ్రిల్లు వెనకా ఆ రాత్రి ఉంది.

"ప్రపంచంలోకెల్లా పెద్ద ఓడ ప్రమాదం" అని ఎర్రక్షరాల బోర్డు ఒకటి ఉంది. అది తప్పు. చావుల లెక్కలో దీన్ని మించినవి ఉన్నాయి, యుద్ధంలో మునిగినవి అయితే మరీ. చావులు టైటానిక్ కన్నా తక్కువైనా, ఇంకో ప్రమాదం సంగతి అల్లుడికి చెప్పాను. 1914 మే 29న కెనడాలో సెయింట్ లారెన్స్ నదిలో ఎంప్రెస్ ఆఫ్ ఐర్లండ్‌ను పొగమంచులో బొగ్గు ఓడ గుద్దితే 14 నిమిషాల్లో మునిగింది, 1,012 మంది పోయారు. దానికి బోట్లు సరిపడా ఉన్నాయి. "బోట్లుంటె మరెందుకు చచ్చిపోయిండ్రు మామా?" అన్నాడు అల్లుడు. ఓడ పక్కకు ఒరిగిపోతే ఒకవైపు బోట్లు దించలేం, పైగా అర్ధరాత్రి దాటాక 14 నిమిషాలంటే నిద్రలోంచి లేచి గది తలుపు దొరకడానికే చాలదు. 1956లో ఆండ్రియా డోరియా కూడా అలాగే ఒరిగింది, సగం బోట్లు పనికిరాలేదు. కానీ అది 11 గంటలు తేలింది. ఈలోపు ఇల్ ద ఫ్రాన్స్ అనే పెద్ద ఓడ వెనక్కి తిరిగి, లైట్లన్నీ వెలిగించుకొని వచ్చి 750 మందికి పైగా ఎక్కించుకుంది.

మన వాళ్ల ఓడ సంగతి ఎవరికీ పట్టదు, ఇక్కడా లేదు. 1942 నవంబర్‌లో బొంబాయి నుంచి ఆఫ్రికా వెళుతున్న తిలావా. 958 మంది, ఎక్కువమంది భారతీయులు. జపాన్ సబ్‌మెరైన్ టార్పెడో కొట్టింది. ఓడ వెంటనే మునగకపోయేసరికి కొందరు బోట్లలోంచి మళ్లీ ఎక్కారు, అప్పుడు రెండోది తగిలింది. 280 మంది పోయారు. మిగతావాళ్లు రెండు రోజులు నీళ్ల మీదే ఉంటే బర్మింగ్‌హామ్ అనే యుద్ధనౌక వచ్చి చాలామందిని తీసుకెళ్లింది. 2017లో దానిలోని వెండి కడ్డీలు మాత్రం జాగ్రత్తగా పైకి తీశారు.

అద్దాల పెట్టెలో "ప్రయాణికుల వస్తువులు" అని పెట్టినవాటిలో పిల్లల బూట్లు జత ఉంది. దగ్గరికి వెళ్లి చూస్తే అడుగున ధర స్టిక్కరు. నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఎందుకంటే అసలు బూట్లు నేను చూశాను. మా ఓడ ఒకసారి హాలిఫాక్స్‌లో ఆగితే నాలుగు గంటలు బయట తిరగనిచ్చారు, మ్యూజియంకి వెళ్లాను. గోధుమరంగు తోలు బూట్లు, నా అరచేతిలో పట్టేంత. శవాలు వెతకడానికి హాలిఫాక్స్ నుంచి వెళ్లిన మాకే-బెన్నెట్ ఓడకు 306 దొరికాయి. పెట్టెలు మొదటి తరగతి వాళ్లకు, మిగతావాళ్లకు కాన్వాస్ గుడ్డ, 116 మందిని తిరిగి సముద్రానికే ఇచ్చేశారు. దొరికినవాళ్లలో ఎవరూ అడగని ఒక పసివాడు ఉంటే, ఆ ఓడ మనుషులే డబ్బులేసుకొని రాయి పెట్టించారు. చనిపోయినవాళ్ల బట్టలు కాల్చేయమంటే ఒక పోలీసాయనకు ఈ బూట్లు కాల్చడానికి చేతులు రాలేదు, దాచాడు. 2007లో డీఎన్ఏతో పేరు తేలింది. సిడ్నీ గుడ్విన్, 19 నెలలు, మూడో తరగతి. అమ్మానాన్న, అయిదుగురు అక్కలూ అన్నలూ, ఎనిమిది మందీ పోయారు. అసలు వేరే ఓడలో వెళ్లాల్సినవాళ్లు, బొగ్గు సమ్మె వల్ల టైటానిక్‌లోకి మారారు.

అల్లుడు నా పెన్ను తీసుకొని తన అట్టముక్క మీద ఆస్టర్ కొట్టేసి సిడ్నీ అని రాసుకున్నాడు.

వీఆర్‌కి 100 దండగ. నా పెట్టెలో ఎడమ కన్ను కనిపించలేదు. సెల్ఫీ కోసం ఇచ్చే లైఫ్ జాకెట్లు థర్మోకోల్‌వి, తాళ్లు వెనక కట్టి ఉన్నాయి. అల్లుడికి ముందుకు తిప్పి కట్టి, దూకేటప్పుడు ఒక చేత్తో ముక్కు, ఇంకో చేత్తో జాకెట్టు గట్టిగా కిందికి పట్టుకోవాలని, లేకపోతే నీళ్లు తగలగానే అది పైకి తన్ని మెడకు దెబ్బ తగులుతుందని చూపించాను. మరో నలుగురు పిల్లలు చేరారు. వాళ్లకి ఎగ్జిబిషన్ మొత్తంలో ఇదే బాగా నచ్చిందని నా నమ్మకం.

ఇక అసలు ఫిర్యాదు. లోపల రెండు వందల మంది ఉంటే బయటికి రావడానికి ఒకటే సందు. రెండో తలుపు ఉంది, పైన పచ్చ లైటు కూడా ఉంది, దానికి అడ్డంగా కూల్‌డ్రింకు క్రేట్లు. ఛాతీ ఎత్తున పేర్చారు. గుడ్డ గోడలు, ప్లైవుడ్, పొగ మిషన్లు, వైర్లు. అక్కడున్న అబ్బాయితో చెప్పాను.

"ఏమైతది అంకుల్, ఎప్పుడు కాలే."

"బాబూ, ఈ గోడ మీద నువ్వు రాసిందంతా గదే మాట."

వాడికి అర్థం కాలేదు. మేనేజరు వచ్చి విని, ఇద్దరితో రెండు వరసలు తీయించాడు. మూడో వరస "పొద్దున తీస్తాం సార్" అన్నాడు.

అయిదుకి రెండున్నర ఇస్తాను, అందులో ఒకటి ఐసు టబ్బుకే. నెలాఖరు వరకు ఉంటుంది, సాయంత్రం 4 నుంచి 10. ఆదివారం వెళ్లకండి. మిర్చి బజ్జి బాగుంది, 40 రూపాయలకు నాలుగు. పాప్‌కార్న్ కొనేటప్పుడు మిషను వెనక్కి తొంగి చూడండి, కార్పాథియా అక్కడే ఉంటుంది. ఎవరైనా ఈ వారంలో వెళితే ఆ మూడో వరస క్రేట్లు తీశారో లేదో కాస్త చెప్పండి.