శుభలేఖలు వేయించుకునేవాళ్లకు: గంటస్తంభం దగ్గర మేడ మీద కొట్టు

విజయనగరంలో పెళ్లి కార్డుల కొట్లకు కొదవలేదు. గంటస్తంభం చుట్టుపక్కల సందుల్లో ఎటు తిరిగినా ఒకటి తగులుతుంది. వాటిలో బట్టల కొట్టు పైన, ఇరుకు మెట్లెక్కి వెళ్లేది ఒకటుంది. మా పెద్దమ్మాయి పెళ్లికి శుభలేఖలు అక్కడే వేయించాం. కార్డు చేతిలో పడ్డాక మా ఆడపడుచు కూడా వంక పెట్టలేదు. ఆవిడ సంగతి తెలిసినవాళ్లకు ఇంతకు మించి రివ్యూ అక్కర్లేదు, మిగతాది తెలియనివాళ్ల కోసం రాస్తున్నాను.

పెట్టె కార్డులు, లేజర్ కటింగ్ తలుపులు, లోపల వెల్వెట్టు, డ్రై ఫ్రూట్స్ గిన్నెలు కావాలంటే మాత్రం ఇక్కడికి వెళ్లకండి, విశాఖపట్నం వెళ్లండి. ఇక్కడున్నవి మామూలు ఆల్బమ్‌లు. ఎక్కువగా శివకాశి సరుకు. పేజీకో కార్డు, దాని వెనక నంబరు. మొదటి ఆల్బమ్ తిప్పేసరికే వినాయకుడు ఎన్ని రకాలుగా కూర్చోగలడో తెలిసిపోతుంది. ఆకు మీద, పడవలో, వీణ పట్టుకుని... మా అమ్మాయి బెంగళూరు నుంచి వీడియో కాల్‌లో చూస్తూ "నెమలి వద్దమ్మా, ఏనుగు వద్దు, పల్లకీ అసలే వద్దు" అంది. ఇవన్నీ తీసేస్తే పెళ్లి కార్డులో ఇంకేం మిగులుతుందో మీరే చెప్పండి.

ఆఖరికి దానికి నచ్చింది ముదురు మెరూన్ కార్డు. బంగారు ఫాయిల్ అక్షరాలు, పైన నున్నటి లామినేషన్. ఒక్కోటి 48 రూపాయలు, అచ్చుకూలి వేరే. ఫోన్‌లో చూస్తే కళ్లు తిప్పుకోలేం. అంత బేరం వస్తుంటే ఏ వ్యాపారీ వద్దనడు. ఈయన అన్నాడు. షోకేసు లైట్లన్నీ ఆపేసి, ఒక్క ట్యూబ్‌లైటు ఉంచి, కార్డు నా చేతికిచ్చి "చదవండమ్మా" అన్నాడు. మెరుపు కళ్లల్లో కొడుతోంది గానీ అక్షరం ఆనలేదు. తర్వాత సొరుగులోంచి పసుపు డబ్బా తీసి, కాస్త తడిపి, కార్డు మూలకు రాశాడు. కాసేపాగి గోటితో అంటే పొడిపొడిగా రాలిపోయింది. "నాలుగు మూలలా పసుపు లేకుండా పంచుతారేటమ్మా?" అన్నాడు. ఆ కార్డు కవరు మీద బాల్‌పెన్నుతో ఒక పేరు కూడా రాసి చూపించాడు. ముదురు రంగు మీద నీలం సిరా కనిపిస్తేనా! గోల్డ్ జెల్ పెన్నులు కొనాలి. ఆ మెరుపు కాగితం మీద జెల్ తొందరగా ఆరదు, వేలు తగిలితే పులుముకుపోతుంది. కవర్ల మీద పేర్లు రాయాల్సింది మా ఆయన. ఆయన మొహం చూసి ఆ నంబరు నేనే కొట్టేశాను. అమ్మాయి ఒక పూట అలిగింది.

మేం తీసుకున్నది గంధం రంగు మందపాటి కార్డు. మెరుపు లేదు. ఎర్ర అక్షరాలు, అంచున సన్నటి బంగారు గీత. 19 రూపాయలు. పసుపు పెడితే చక్కగా పీల్చుకుంది. పైన వినాయకుడు ఎలాగూ ఉన్నాడు, పక్కన పైడితల్లి అమ్మవారు ఉండాలని నేను పట్టుబట్టాను. మా ఇంట్లో మొదటి కార్డు మూడు లాంతర్ల దగ్గర చదురుగుడిలో అమ్మవారి ముందు పెట్టాకే ఎవరికైనా పిలుపు. ఆల్బమ్‌లలో ఎంత వెతికినా అమ్మవారు దొరకదు, శివకాశి వాళ్లకేం తెలుసు మన తల్లి సంగతి? కొట్టాయన కంప్యూటర్లో మాత్రం బొమ్మ సిద్ధంగా ఉంది. అరసవల్లి సూర్యనారాయణమూర్తి, సింహాచలం అప్పన్న, రామతీర్థం రాముడు, అందరూ ఉన్నారు. మగపెళ్లివారిది శ్రీకాకుళం. విషయం తెలిసి మా వియ్యపురాలు "వదినగారూ, మా సూర్యనారాయణమూర్తిని కూడా వేయించెయ్యండి" అని ఫోన్ చేశారు. వాళ్ల కార్డులు వాళ్లు విడిగా వేయించుకుంటున్నారు, అయినా సరే. వేయించాం. పెళ్లికి ముందు వియ్యపురాలితో వాదన పెట్టుకునే ఆడపిల్ల తల్లి ఎవరైనా ఉంటే నాకు చూపించండి.

డిజైన్ ఎక్కడైనా దొరుకుతుంది. ఈ కొట్టుకు నేను మార్కులు వేసేది మేటర్ చూసుకునే పద్ధతికి. మనం తెలుగులో టైపు చేసి వాట్సాప్‌లో పంపేస్తే అదే అచ్చయిపోతుందనుకుంటాం. ప్రెస్సుల్లో చాలామంది ఇప్పటికీ 'అను' అనే పాత తరహా తెలుగు ఫాంట్లతోనే పని చేస్తారు. ఫోన్లో మనం కొట్టే యూనికోడ్ తెలుగు అందులో నేరుగా రాదు. మళ్లీ టైపు చేయాలి, లేదంటే మార్చి, చెదిరినచోటల్లా సరిచేయాలి. తప్పులు దొర్లేది అక్కడే. మా బంధువులింట్లో ఒక పెళ్లికి, అది వేరే చోట వేయించిన కార్డు లెండి, పెళ్లికూతురి తాతగారి పేరు ముందు 'కీ.శే.' పడింది. ఆయన నిక్షేపంగా ఉన్నారు. కార్డు పట్టుకుని వీధివీధీ తిరిగి అందరికీ తనే చూపించుకున్నారు.

ఇక్కడ ప్రూఫ్ కాగితం మీద తీసి ఇస్తారు. ఒకరు పైకి చదవాలి, ఇంకొకరు మనం రాసిచ్చిన మేటర్ పట్టుకుని సరిచూసుకోవాలి. టైపు చేసే అమ్మాయి పెన్సిలు పట్టుకుని పక్కనే కూర్చుంటుంది. 'జ్యేష్ఠ పుత్రిక' దగ్గర తనే ఆపి, ఈ సైజులో ఫాయిల్ వేస్తే ఠ వత్తు ముద్దగా అయిపోతుందని పాత కార్డొకటి తీసి చూపించింది. నిజమే, వత్తు ఉండాల్సిన చోట బంగారు చుక్క ఉంది. అందుకని పెళ్లికూతురు, పెళ్లికొడుకు పేర్లకే ఫాయిల్ ఉంచి, మిగతాదంతా మామూలు సిరాతో వేయించాం.

ముహూర్తం దగ్గర ఇంకో గండం తప్పింది. మాది బుధవారం రాత్రి 2 గంటల 14 నిమిషాలకు. పంతులుగారు పద్ధతి ప్రకారం 'తెల్లవారితే గురువారం' అని రాసిచ్చారు, తెలుగు పేజీకి ఇబ్బంది లేదు. ఇంగ్లిష్ పేజీ మా కాబోయే అల్లుడి తమ్ముడు పంపాడు, అందులో బుధవారం 2.14 ఏఎం అని ఉంది. అంటే మంగళవారం అర్ధరాత్రి దాటాక అన్నమాట! అది చూసుకుని దుబాయ్ నుంచి టికెట్ తీసుకునేవాళ్లు పెళ్లికి ఒక రోజు ముందే దిగిపోయేవారు. కొట్టాయన పట్టుకున్నాడు. "ఇంగ్లీషు తేదీ రాత్రి పన్నెండుకే మారిపోద్దమ్మా, మన వారం తెల్లారితే గానీ మారదు" అని గురువారం చేయించి, ప్రూఫ్ మీద మా ఆయన చేత సంతకం పెట్టించుకున్నాడు.

ఇక లోపాలు. చెప్పిన రోజుకు ఇవ్వలేదు, మాఘమాసం ముహూర్తాల రద్దీ అన్నాడు. ఆ రద్దీ తెలిసే కదా తేదీ చెప్పాలి? కవర్ల రంగు ఆల్బమ్‌లో ఉన్నదానికంటే వెలిసినట్టుగా వచ్చింది. కళ్యాణమండపం లొకేషన్‌కి వేయించిన క్యూఆర్ కోడ్‌ను అంచు డిజైనుకు ఆనించి పెట్టేశారు. దాని చుట్టూ కాస్త ఖాళీ ఉంటే గానీ కొన్ని ఫోన్లు పట్టవు. మీరు వేయిస్తే ప్రూఫ్ మీదే ఫోన్ పెట్టి చూసుకోండి.

అచ్చుకూలి వందల లెక్కన ఉంటుంది. తర్వాత ఓ ఇరవై తక్కువయ్యాయని వెళ్తే మళ్లీ అంతా మొదట్నుంచి చేయాలి కాబట్టి ఇంచుమించు వందకయ్యేంత పడుతుంది. ఇళ్ల లెక్క ముందే వేసుకుని, కొన్ని ఎక్కువే చెప్పండి. రాతలో పాడవుతాయని కవర్లు మాత్రం అడక్కుండానే పదో పన్నెండో ఎక్కువ పెట్టాడు.

మోకాళ్ల నొప్పులున్నవాళ్లను ఆ మెట్లెక్కించకండి, అడిగితే ఆల్బమ్‌లు కిందికే పంపిస్తారు. బండి పెట్టుకోవడానికి చోటుండదు. దసరా వెళ్లిన మంగళవారం పైడితల్లి అమ్మవారి సిరిమానోత్సవం కాబట్టి ఆ రెండు మూడు రోజులు అటువైపు వెళ్లే ఆలోచనే పెట్టుకోవద్దు. సగం అడ్వాన్సు, మిగతాది కార్డులు తీసుకునేటప్పుడు. ఫోన్‌పే ఉంది. బిల్లు మాత్రం అడిగితేనే ఇస్తారు, అడగండి.